గుగ్గిలంలో చిక్కిన చీమ

కోపంతో భగ్గుమనేవాణ్ణి "అగ్గిమీద గుగ్గిలం" అనడం తెలుగువారికి పరిపాటి. ఈ మాట వెనుక ఉన్న దృశ్యాన్ని చూడాలంటే పూర్వపు వీధినాటకాలను గుర్తుకు తెచ్చుకోవాలి. హిరణ్యకశిపుడో నరసింహుడో ప్రవేశించేవేళ, తెర పక్కన నిలబడ్డవాడు దివిటీ మీద గుప్పెడు గుగ్గిలపు పొడి విసిరేవాడు. మంట ఒక్కసారిగా ఆకాశానికి లేచేది. ముందు వరుసలో కూర్చున్న పిల్లలు జడిసి వెనక్కు జరిగేవారు. రెప్పపాటులో మంట చల్లారి, సుగంధంతో కూడిన పొగ మాత్రం మిగిలేది. ఆ పొడియే ఇండ్లలో ధూపానికీ, పడవల చెక్కల మధ్య సందులు పూడ్చడానికీ, మందులకూ ఉపయోగపడుతూ వచ్చింది.

గుగ్గిలం ఒక చెట్టు కార్చే రసం. ఆ చెట్టును సంస్కృతంలో సాలమనీ, సర్జమనీ అంటారు. అందుచేతనే గుగ్గిలానికి సర్జరసమని పేరు. రాల అనికూడా వ్యవహారం ఉన్నది. వృక్షశాస్త్రజ్ఞులు దీనిని షోరియా రోబస్టా అంటారు. 1793 నుండి 1798 వరకు గవర్నర్ జనరల్‌గా ఉన్న సర్ జాన్ షోర్ పేరు ఈ విధంగా మన చెట్టుకు తగులుకొన్నది. బుద్ధుడు కుశీనగరంలో నిర్యాణం చెందినది జంట సాలవృక్షాల నడుమనని బౌద్ధగ్రంథాలు చెబుతున్నవి. హిమాలయాల అడుగునుండి ఛోటానాగపూర్, ఒరిస్సాల మీదుగా దిగివచ్చే సాలవనాలు తూర్పు కనుమలలో శ్రీకాకుళం, విజయనగరం, విశాఖపట్నం కొండల దగ్గరకు వచ్చేసరికి పలచబడిపోతాయి. సుమారుగా ఇదే ఆ చెట్టుకు దక్షిణపు పొలిమేర. ఈ కొండలలో కొంతభాగం 2022 ఏప్రిల్ నుండి పార్వతీపురం మన్యం జిల్లాలో ఉన్నది. సవరలు, జాతాపులు మొదలైన గిరిజనులు తరతరాలుగా నివసించే ప్రాంతమిది.

ఇక్కడ ఒక పొరపాటును తొలగించుకోవడం మంచిది. వైద్యులు వాడే గుగ్గులు వేరు, గుగ్గిలం వేరు. గుగ్గులు ఎడారి ప్రాంతాల ముళ్ళపొదనుండి వస్తుంది. అట్లాగే గుగ్గిలం వేరు, జిగురు వేరు. ఈ కొండలలోనే గిరిజనులు తపసి చెట్టునుండి జిగురు తీసి, 1956లో ఏర్పడిన గిరిజన సహకార సంస్థకు అమ్ముతూ వచ్చారు. తపసి జిగురును నీళ్ళలో వేస్తే ఉబ్బుతుంది. తుమ్మబంకను వేస్తే కరుగుతుంది. గుగ్గిలం ముక్కను మూడు దినాలు నానబెట్టినా దానికి నీళ్ళ స్పృహే ఉండదు. నిప్పు తగిలితే మాత్రం ఊరుకోదు. నీటికి లొంగకపోవడమనే ఈ ఒక్క గుణం మీదనే ఈ కథ అంతా ఆధారపడి ఉన్నది.

చెట్టు ఈ రసాన్ని ఎందుకు కారుస్తుంది? మన దివిటీల కోసం కాదు గదా. బెరడుకు గాయమైనప్పుడు రసం ఊరివచ్చి, గాయాన్ని కప్పి గట్టిపడుతుంది. బూజును, పురుగును లోపలికి రానీయదు. సాలవృక్షానికి ఆజన్మశత్రువు ఒకటి ఉన్నది. అది పొడవాటి మీసాలుగల ఒక పెంకుపురుగు. వానకాలంలో అది బెరడు పగుళ్ళలో గుడ్లు పెడుతుంది. గుడ్లనుండి వెలువడిన పిల్లపురుగులు బెరడును తొలుచుకొని లోపలికి పోతాయి. చెట్టు బలంగా ఉంటే రసం పొంగివచ్చి, ఆ పిల్లపురుగులను తొలిరోజులలోనే ముంచి చంపుతుంది. చెట్టు ముసలిదైనా, నీరు చాలక నీరసించినా రసం చాలదు, పురుగు గెలుస్తుంది. 1923 నుండి 1928 వరకు మధ్యపరగణాలలోను, తిరిగి 1990ల చివర మధ్యప్రదేశ్‌లోను ఈ పురుగు విజృంభించినప్పుడు సాలవృక్షాలు లక్షల సంఖ్యలో చచ్చిపోయినవి. కనుక గుగ్గిలమంటే చెట్టు చేసే యుద్ధంలో చిందిన రక్తమే అనవచ్చును.

ఈ యుద్ధంతో సంబంధం లేని ప్రాణులు కూడా అందులో చిక్కుకొంటాయి. బెరడు మీద దారిన పోయే చీమ, వాసనకు వాలిన ఈగ, గూడుకు జిగురు కావాలని వచ్చిన ముసురుతేనెటీగ, గాలికి కొట్టుకువచ్చిన దోమ, ఆ దోమ కోసం కాచుకొన్న సాలీడు, ఏది కాలు మోపినా మరి కదలలేదు. దానిమీద మరొక బొట్టు జారుతుంది. ఎండిన తరువాత చూస్తే తేనెరంగు గాజులో పొదిగినట్లు కనిపిస్తుంది. గుగ్గిలం ఏరి తెచ్చేవారికి ఇది కొత్త సంగతి కాదు. పురుగులు, పుల్లలు, బెరడు తునకలు ఏరివేసి శుభ్రం చేసినదానికే అంగడిలో మంచి ధర. పురుగున్న ముక్కను పారవేసే వర్తకుడికి, అదే ముక్క ఐదుకోట్ల ఏండ్లు భూమిలో ఉండివస్తే దానికోసం శాస్త్రజ్ఞులు ఖండాలు దాటి వస్తారని తెలియదు.

అట్లా భూమిలో ఉండివచ్చిన రసానికే తృణమణి అని పేరు. పట్టుగుడ్డతో రుద్దితే గడ్డిపరకలను ఆకర్షిస్తుంది గనుక ఆ పేరు వచ్చింది. పారశీకులు దీనిని కహరుబా అన్నారు. గడ్డిని దోచేదని అర్థం. గ్రీకులు ఎలెక్ట్రాన్ అన్నారు. 1600లో ఇంగ్లండులో గిల్బర్ట్ అనే వైద్యుడు అయస్కాంతాన్ని గురించి గ్రంథం వ్రాస్తూ, ఈ ఆకర్షణకు ఆ గ్రీకు మాటనుండే పేరు తయారుచేశాడు. నేడు ఇంటింటా వెలిగే ఎలెక్ట్రిక్ దీపం పేరులో ఒక చెట్టు బంక దాగి ఉన్నది!

తృణమణి రాయి కాదు, చెట్టు రసమేనని మొదట సాక్ష్యం చెప్పినవి కూడా పురుగులే. క్రీస్తుశకం మొదటి శతాబ్దపు చివర రోమను చరిత్రకారుడు టాసిటస్ జర్మను జాతులను గురించి వ్రాస్తూ, బాల్టిక్ సముద్రపు ఒడ్డున దొరికే ఈ పదార్థంలో పాకే పురుగులు, ఎగిరే పురుగులు కనిపిస్తున్నవి గనుక ఇది ఒకప్పుడు ద్రవంగా ఉండిన చెట్టురసమే అయి ఉండాలని తర్కించాడు. పంతొమ్మిది వందల ఏండ్ల క్రిందటి ఈ తర్కంలో ఈనాటికీ దిద్దవలసినది ఏమీ లేదు.

గుగ్గిలం తృణమణిగా మారడమెట్లా? ముందుగా తేలికగా ఆవిరయ్యే తైలాలు పోతాయి. మిగిలిన అణువులు ఒకదానితో ఒకటి ముడిపడి, పెద్ద అల్లికగా ఏర్పడతాయి. ఇందుకు లక్షల ఏండ్లు పడుతుంది. అయితే కాలం ఒక్కటే చాలదు. కొండవాలు మీద రాలిన గుగ్గిలం ఎండకు, గాలికి పగిలి పొడి అయిపోతుంది. అది వరదలో కొట్టుకుపోయి, గాలి సోకని బురదలో పూడుకుపోవాలి. ఆ బురదమీద మరికొంత బురద పేరుకోవాలి. భూమి దానిని మరీ వేడెక్కించకూడదు. వంశధార, నాగావళి కొండలలో పుట్టి, కొమ్మలూ దుంగలూ మోసుకొని సముద్రానికి చేరే తీరు చూచినవారికి ఇది ఊహించడం కష్టం కాదు. లక్ష బొట్లలో ఒక్క బొట్టుకైనా కళింగపట్నం మొగలోని బురదలో అటువంటి పడక దొరకవచ్చును.

అయితే శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల భూమిలో తృణమణి దొరుకుతుందా అంటే దొరకదనే చెప్పాలి. ఈ లేమికి కారణం తెలుసుకోదగినది. ఇక్కడి కొండలు ముఖ్యంగా ఖొండలైట్ అనే శిలతో ఏర్పడినవి. ఈ కొండలలో నివసించే ఖోండుల పేరుమీదనే 1902లో వాకర్ అనే భూగర్భశాస్త్రజ్ఞుడు ఆ శిలకు పేరు పెట్టాడు. విజయనగరం దగ్గరి కోడూరు పేరుమీద కోడురైట్ అనే మరొక శిలకు ఫెర్మర్ పేరు పెట్టాడు. అక్కడి మాంగనీసు గనులు భారతదేశంలోనే మొదటివి, 1892లో ప్రారంభమైనవి. ఖొండలైట్ పూర్వం సముద్రపు అడుగున పేరుకొన్న మట్టియే. కాని సుమారు 100 కోట్ల ఏండ్ల క్రిందట అది భూగర్భంలోకి దిగి, 900 డిగ్రీలకు మించిన వేడిలో ఉడికి, రూపు మార్చుకొన్నది. పురుగులు భూమిమీద అవతరించి 40 కోట్ల ఏండ్లకు కొంచెం పైన మాత్రమే అయింది. అంటే ఈ కొండలు గట్టిపడేనాటికి చీమా లేదు, ఈగా లేదు, బంక కార్చే చెట్టూ లేదు. ఇక తీరపు ఇసుకలు, నదుల ఒండ్రు, భీమునిపట్నం ఎర్రమట్టిదిబ్బలు నిన్న మొన్న వచ్చినవి. ఒకటి మరీ ముసలి, మరొకటి మరీ పసి. మధ్యకాలపు పొరలు ఇక్కడ లేవు.

ఆంధ్రదేశంలో మధ్యకాలపు పొరలు గోదావరి లోయలో ఉన్నవి. ప్రాణహిత గోదావరిలో కలిసే ప్రాంతంలో కోట అనే గ్రామం పేరుమీద పిలువబడే సున్నపురాతి పొరలలో చేపలతోపాటు బొద్దింకల, పెంకుపురుగుల ముద్రలు దొరికినవి. పోచంపల్లి దగ్గర 1958 తరువాత త్రవ్వి తీసిన బారాపసారస్ అనే మహాకాయపు ఎముకలు ఈ పొరలవే. ఆ అస్థిపంజరం కలకత్తా భారతీయ గణాంకసంస్థలో నిలబెట్టబడినది. అయితే రాతిలోని పురుగు ముద్ర మాత్రమే. రెక్కల ఈనెలు లెక్కపెట్టవచ్చు, అంతే. అడుగు ముద్రకూ మనిషికీ ఉన్నంత తేడా దానికీ తృణమణిలోని పురుగుకూ ఉన్నది. తృణమణిలో పురుగు మూడు వైపుల నుండీ కనిపిస్తుంది. కాలిమీది వెంట్రుక, కంటిలోని పలకలు చెక్కుచెదరకుండా ఉంటాయి. ఒక్కొక్కప్పుడు రెండు పురుగుల మధ్య జరుగుతున్న వ్యవహారం సగంలో ఆగి కనిపిస్తుంది.

కళింగాంధ్రులకు ఒకనాడు తృణమణి దేశం దూరమైనది కాదు. కళింగపట్నం, బారువ, భీమునిపట్నం రేవులలో స్టీమరెక్కి కూలికోసం రంగూను పోయినవారు వేలకు వేలు. అక్కడి రేవులో మూటలు మోసినవారు, ధాన్యపు మిల్లులలో పనిచేసినవారు ఎక్కువగా తెలుగువారే. బర్మావారు వారిని కోరంగీలనేవారు. ఆ బర్మా దేశానికి ఉత్తరపు కొసన హుకాంగ్ లోయ ఉన్నది. అక్కడి ఎర్రని తృణమణిని చైనా వర్తకులు చిరకాలంగా ఎరుగుదురు. 1892లో భారత భూగర్భపరిశోధక శాఖకు చెందిన నోట్లింగ్ ఆ గనులను చూచివచ్చాడు. ఆయన పంపిన ముక్కలను డాంజిగ్ నగరంలో ఓటో హెల్మ్ పరీక్షించి, ఇది బాల్టిక్ తృణమణి వంటిది కాదని నిర్ణయించి బర్మైట్ అని పేరు పెట్టాడు. తరువాత మాండలేలో ఉండే స్విన్‌హో అనే ఆంగ్లేయుడు పురుగులున్న ముక్కలు ఏరి, అమెరికాలోని కొలరాడోలో కాకెరెల్ అనే కీటకశాస్త్రజ్ఞుడికి పంపసాగాడు. 1916 నుండి కొన్ని సంవత్సరాలలో కాకెరెల్ సుమారు 40 జాతులను వర్ణించాడు.

వయస్సు దగ్గర వివాదం వచ్చింది. నోట్లింగ్ దీనిని మయోసీన్ యుగానిదన్నాడు. అంటే రెండు కోట్ల ఏండ్ల పరిధిలోనిది. తరువాతి భూగర్భశాస్త్రజ్ఞులు ఇయోసీన్ అన్నారు. కాకెరెల్ గనిని చూడలేదు. పురుగులను మాత్రమే చూచాడు. ఇంత పాతకాలపు వాటం గల పురుగులు అంత ఇటీవలివి కాజాలవనీ, ఇవి రాక్షసబల్లుల కాలమైన క్రెటేషియస్ యుగానివి కావచ్చుననీ 1917లోనే అనుమానించాడు. చాలామంది దానిని పట్టించుకోలేదు. 2012లో చైనా శాస్త్రజ్ఞులు ఆ పొరలోని అగ్నిపర్వత ధూళిలో ఉండే జిర్కాన్ రేణువులను పరీక్షించి, వయస్సు సుమారు 9 కోట్ల 88 లక్షల ఏండ్లని తేల్చారు. రాళ్ళు చదివినవారు పొరపడితే, వేల మైళ్ళ దూరాన కూర్చుని పురుగు కాళ్ళు చదివినవాడు సరిగా చెప్పాడన్నమాట.

హుకాంగ్ లోయ పేరు భారతీయులకు మరొక విధంగా కూడా జ్ఞాపకం. 1942లో జపాను సేనలు బర్మాను ఆక్రమించినప్పుడు లక్షలాది భారతీయులు కాలినడకన స్వదేశానికి తిరిగివచ్చారు. మిగిలిన దారులు మూసుకుపోయిన తరువాత వేలాదిమంది ఈ లోయగుండానే పాంగ్‌సౌ కనుమ దాటి అస్సాం చేరడానికి ప్రయత్నించారు. వానలు, ఆకలి, మలేరియా వారిలో ఎందరినో దారిలోనే బలిగొన్నవి. కాలికింద ఏమున్నదో వారికి తెలిసే అవకాశం లేదు. తెలిసినా చేయగలిగినది లేదు. ఈ లోయకు నెమ్మది తరువాత కూడా లభించలేదు. 2016లో ఇక్కడి తృణమణిలో ఈకలతో సహా ఒక చిన్న రాక్షసబల్లి తోక ముక్క బయటపడి లోకమంతా ఆశ్చర్యపడింది. 2017లో సైన్యానికీ కాచిన్ దళాలకూ మధ్య ఆ గనుల దగ్గర యుద్ధం తీవ్రమైంది. నెత్తురు కలసిన సరుకును శాస్త్రం కొనవచ్చునా అనే ప్రశ్న తలెత్తి, ఆ తరువాత వెలువడిన తృణమణిని గురించిన వ్యాసాలను ప్రచురించవద్దని 2020లో అమెరికాలోని వెన్నెముకజీవుల శిలాజశాస్త్ర సంఘం పత్రికలను కోరింది. రెండువేలకు పైగా జాతులు ఆ లోయనుండి వర్ణింపబడినవి. ఆ ప్రశ్నకు మాత్రం అందరూ ఒప్పుకొన్న సమాధానం రాలేదు.

బర్మా తృణమణిని కార్చినది గుగ్గిలం వంటి వెడల్పాటి ఆకుల చెట్టు కాదు. అది సూదిమొన ఆకుల చెట్ల జాతిదని చాలామంది అభిప్రాయం. గుగ్గిలపు బంధువులను వెదకాలంటే తూర్పు సముద్రం దాటనక్కరలేదు. పడమటి తీరానికి పోవాలి.

గుజరాతులో సూరత్ జిల్లాలోని వస్తాన్, తడకేశ్వర్ గ్రామాల దగ్గర లిగ్నైట్ బొగ్గు గనులున్నవి. అక్కడి బొగ్గులో పసుపుపచ్చని ముక్కలు కనిపిస్తూ ఉండేవి. బొగ్గు కోసం త్రవ్వేవాడికి అవి దండుగ పదార్థమే. 2005లో అశోక్ సాహ్ని మొదలైన భారతీయ శాస్త్రజ్ఞులు ఆ ముక్కలలో పురుగులున్నవని ప్రకటించారు. లక్నోలో వృక్షశిలాజ పరిశోధనాలయాన్ని స్థాపించిన బీర్బల్ సాహ్నికి ఈయన సోదరుని కుమారుడు. ఆ పరిశోధనాలయానికి చెందిన హుకమ్ సింగ్, జర్మనీలో బాన్ నగరపు యెస్ రుస్ట్, న్యూయార్కు మ్యూజియంలోని డేవిడ్ గ్రిమాల్డీ కలిసి, 150 కిలోలకు పైగా తృణమణిని సేకరించి, 2010లో ఫలితాలను వెల్లడించారు. కాళ్ళకు కీళ్ళుగల ప్రాణులు 700కు పైగా దొరికినవి. అందులో 14 క్రమాలకు, 55 కుటుంబాలకు చెందిన 100కు పైగా జాతులున్నవి. చీమలున్నవి, చెదలున్నవి, తేనెటీగల బంధువులున్నవి. అంటే సంఘాలుగా బ్రతికే పురుగుల కాపురం అప్పటికే స్థిరపడినది. వాటి వయస్సు 5 కోట్ల ఏండ్లకు కొంచెం పైన.

ఈ తృణమణికి ఒక విచిత్రగుణం ఉన్నది. బాల్టిక్ తృణమణిని ఏ ద్రావకంలోనూ పూర్తిగా కరిగించలేము. గుజరాతు తృణమణిలోని అల్లిక అంత బిగువుగా లేదు. టోలుయీన్ వంటి ద్రావకంలో అది కరుగుతుంది. ఓపికగా కరిగిస్తే పురుగు విడిగా చేతికి వస్తుంది! ఐదుకోట్ల ఏండ్ల పురుగును సూదిమీద నిలిపి సూక్ష్మదర్శిని క్రింద చూడగలగడం మరెక్కడా అంత సులభం కాదు. (ఆ పురుగునుండి జీవాన్ని తిరిగి సృష్టించవచ్చునని 1993 నాటి ఒక హాలీవుడ్ చిత్రం లోకాన్ని నమ్మించింది. అది నమ్మదగినది కాదు. వంశలక్షణాలను మోసే డి.ఎన్.ఏ. అంతకాలం నిలువదు, తృణమణినుండి దానిని తీశామని 1990లలో చెప్పినవారి ఫలితాలు తిరిగి చేసిన పరీక్షలలో నిలబడలేదు.)

ఈ రసాన్ని కార్చిన చెట్టు ఏది? ఆకు దొరకకపోయినా రసం తన కులాన్ని తానే చెబుతుంది. దానిని వేడిచేసి వచ్చిన ఆవిరులను విశ్లేషిస్తే కాడినీన్ తరగతి హైడ్రోకార్బన్లు కనిపించినవి. ఆ లక్షణం సాలవృక్షకుటుంబపు బంకలో కనిపించేది. అదే గనిలో ఆ కుటుంబపు కలప శిలాజాలు కూడా దొరికినవి. దివిటీ మీద చల్లే గుగ్గిలానికీ, గుజరాతు తృణమణికీ బంధుత్వం ఈ విధంగా రుజువైంది.

ఇది కేవలం రసాయనవిశేషమై ఉంటే ఇంత దూరం చెప్పుకోనక్కరలేదు. దీనివెనుక పెద్ద తగాదా ఒకటి ఉన్నది. సాలవృక్షకుటుంబానికి నేటి రాజధాని మలయా, బోర్నియో అడవులు. అక్కడ వందల జాతులున్నవి. భారతదేశంలో కొన్ని మాత్రమే. తెలుగునాట గుగ్గిలం కాక జాలారి, శేషాచలపు కొండలలో తంబ ఉన్నవి. కనుక ఈ కుటుంబం ఆగ్నేయాసియాలో పుట్టి, తరువాత ఎప్పుడో పడమరగా భారతదేశానికి వచ్చినదని చాలాకాలం అనుకొన్నారు. కాని ఐదుకోట్ల ఏండ్లనాడే గుజరాతులో తృణమణి పేరుకొనేటంతగా ఈ చెట్లు ఉన్నవంటే ఆ కథ నిలువదు. అప్పటికి భారతఖండం ఆసియాను తాకీ తాకకుండా ఉన్నది.

దారి చూపేది గుగ్గిలంచెట్టు విత్తనమే. ఈ కుటుంబపు లాటిన్ పేరుకు రెండు రెక్కల కాయ అని అర్థం. గుగ్గిలపు కాయకు మాత్రం ఐదు రెక్కలుంటాయి. జ్యేష్ఠమాసంలో, మృగశిర కార్తె ముంగిట, ఆ కాయలు గిరగిర తిరుగుతూ రాలుతాయి. రెక్కలున్నంత మాత్రాన ఎగిరి దూరం పోతాయనుకోరాదు. తల్లిచెట్టుకు కొద్దిదూరంలోనే పడతాయి. పడిన విత్తనానికి ప్రాణం ఒక వారం నిలిస్తే గొప్ప. ఆ వారంలో తొలకరి పడితే మొలక, లేకపోతే మట్టి. ఉప్పునీటిలో తేలుతూ సముద్రాలు దాటే శక్తి కొబ్బరికాయకున్నది గాని దీనికి లేదు. అటువంటి విత్తనంగల చెట్టు ఒక ఖండంనుండి మరొక ఖండానికి పోవాలంటే నేలమీద అంగుళం అంగుళంగా నడవాలి, లేదా నేలయే దానిని మోసుకొని పోవాలి.

నేల మోసుకొనిపోయిన జాడలున్నవి. సాలవృక్షకుటుంబపు దూరబంధువులు ఆఫ్రికాలోను, మడగాస్కరులోను ఉన్నవి. హిందూమహాసముద్రం నడుమ సీషెల్స్ ద్వీపాలలో ఆ కుటుంబానికి చెందిన ఒకే ఒక జాతి ఒంటరిగా మిగిలి ఉన్నది. ఆ ద్వీపాలు ఒకప్పుడు భారతఖండంతో అంటుకొని ఉండి, సుమారు 6 కోట్ల 30 లక్షల ఏండ్ల క్రిందట విడిపోయినవి. ఆ కాలంలోనే దక్కను అంతటా లావా పొంగింది. రాజమండ్రి దగ్గర కాతేరులో కనిపించే నల్లరాతి పొరలు ఆనాటివే. ఆ నిప్పునూ దాటుకొని, సంవత్సరానికి 15 సెంటీమీటర్లకు పైగా వేగంతో ఉత్తరంగా జరుగుతూ, భారతఖండం ఆసియాను ఢీకొన్నది. 2022లో ప్రకటింపబడిన ఒక పరిశోధన పుప్పొడి శిలాజాలను ఆధారం చేసుకొని, ఈ కుటుంబం పది కోట్ల ఏండ్ల క్రిందట ఆఫ్రికాలో పుట్టి, ఏడు కోట్ల ఏండ్ల ప్రాంతంలో భారతదేశం చేరి, ఇక్కడినుండే ఆగ్నేయాసియాకు పోయినదని నిర్ణయించింది. బోర్నియో అడవులకు మన దేశం పుట్టిల్లు కాకపోయినా మేనమామ ఇల్లయినా అవుతుంది.

చెట్ల మాట అట్లా ఉండగా, పురుగులు మరొక మెలిక పెట్టినవి. భారతఖండం కోట్ల ఏండ్లు సముద్రం నడుమ ఒంటరిగా ప్రయాణం చేసినదంటే, దానిమీది ప్రాణులు మడగాస్కరు ప్రాణులవలె లోకంలో మరెక్కడా లేని వింతజాతులై ఉండాలి. గుజరాతు తృణమణి ఆ ఏకాంతానికి సాక్ష్యం చెబుతుందని అనుకొన్నారు. చెప్పలేదు. అందులోని పురుగులకు బంధువులు ఉత్తర ఐరోపా తృణమణిలో ఉన్నవి, ఆసియాలో ఉన్నవి, ఆస్ట్రేలియాలో, అమెరికాలలో కూడ ఉన్నవి. అంటే ఖండం ఒడ్డు తగలకముందే రాకపోకలు సాగినవి. నడుమనున్న ద్వీపాల వరుసలు మెట్లుగా ఉపయోగపడి ఉండవచ్చును. విత్తనం దాటలేని నీటిపాయను రెక్కల చీమ గాలివాటున దాటగలదు. చెట్టు ఓడలో వచ్చింది, పురుగు ఓడ ఎక్కకుండానే వచ్చింది అనుకొంటే రెండు సాక్ష్యాలకూ పొత్తు కుదురుతుంది. అయితే ఆ ద్వీపాలు ఏవి, ఎప్పుడు ఎంత దగ్గరగా ఉన్నవి అనే విషయంలో భూగర్భశాస్త్రజ్ఞులు ఒక్కమాట మీద లేరు.

అంగడిలో తృణమణి పేరుతో గుగ్గిలం వంటి లేతబంకను కరిగించి, ఈనాటి ఈగనో తేలునో అందులో ముంచి అమ్మేవారు కూడా ఉన్నారు. పరీక్ష సులభమే. ఒక చుక్క స్పిరిటు వేసి వ్రేలితో నొక్కితే లేతబంక అంటుకొంటుంది. ముదిరిన తృణమణికి అంటు పుట్టదు. పురుగు మరీ పెద్దదిగా, రెక్కలు చాపి, చూడముచ్చటగా నడుమ కూర్చుని ఉంటే కూడా అనుమానించవలసినదే. నిజంగా చిక్కిన పురుగు గింజుకొంటుంది. దాని కాలు ఒకటి విరిగి ఉంటుంది, రెక్క మడతపడి ఉంటుంది, కాళ్ళచుట్టూ రసంలో సుడులు కనిపిస్తాయి.

పార్వతీపురం కొండలలో ఈ సంవత్సరం గాయపడిన బెరడుమీద జారిన గుగ్గిలపు బొట్టులో కూడా ఆ సుడులు కనిపిస్తాయి. భూతద్దం ఉంటే, వాటి నడుమ చీమ ముందుకాళ్ళతో ఒడ్డు అందుకోబోయి ఆగిన తీరునూ చూడవచ్చును.